యాభై రూపాయల టికెట్టుకి మాట అందింది: పర్లాకిమిడి ఫుట్‌బాల్ మైదానంలో మన కుర్రాళ్ల కచేరీ

యాభై రూపాయల టికెట్టు కొనుక్కుని, స్టేజికి ఎదురుగా అవతలి గోలు పోస్టు వెనకాల కూర్చున్నాను. కావాలనే అక్కడ కూర్చున్నాను. ఐదొందల కుర్చీల్లో పాట బాగా వినిపించడం పెద్ద గొప్పేం కాదు. తక్కువ డబ్బు పెట్టినవాడికి ఎలా వినిపించిందో నాకు తెలియాలి. పర్లాకిమిడిలో ముప్పై ఒక్క ఏళ్లు మైక్ సెట్ నడిపినవాణ్ణి నేను. పెళ్లిళ్లు, అమ్మవారి జాతరలు, రథయాత్ర, ఎలక్షన్ మీటింగులు, అన్నీ చేశాను. ఊరేగింపులో చివర నడిచే ముసలివాళ్లకి మాట అందలేదని తెలిస్తే ఆ రాత్రి నాకు నిద్ర పట్టేది కాదు.

మొన్న శనివారం రాత్రి ఆ గోలు పోస్టు వెనక, మొదటి పాటలో మొదటి మాట నా చెవికి ముక్కలు కాకుండా అందింది. పక్కన మా వదిన కూర్చుని ఉంది. ఆవిడకి ఒక చెవి సరిగా వినపడదు. "మాటలు తెలుస్తున్నాయి మరిదీ" అంది. నాకు ఆ ఒక్క మాట చాలు.

వాయించింది మన ఊరి కుర్రాళ్లే, ఐదుగురు. ఒకడు పాడతాడు, ఒకడు గిటారు, ఒకడు బేసు, ఒకడు కీబోర్డు, ఒకడు డ్రమ్స్. చిన్నప్పుడు వినాయక చవితి పందిట్లో నా మైకు ముందు నిలబడి పాడిన పిల్లలు వీళ్లు. ఇప్పుడు వైజాగ్‌లోనూ భువనేశ్వర్‌లోనూ ప్రోగ్రాంలు చేస్తున్నారు. సొంత ఊళ్లో టికెట్టు పెట్టి వాయించడం ఇదే మొదలు. వచ్చిన డబ్బంతా సికిల్ సెల్ జబ్బున్న పిల్లల దారి ఖర్చులకి. మందులకి కాదు, దారి ఖర్చులకి. ఈ తేడా తెలిసినవాళ్లు ఈ పని తలపెట్టారని టికెట్టు మీద ఆ ముక్క చదివినప్పుడే అర్థమైంది.

నా దగ్గర పన్నెండేళ్లు బాక్సులు మోసిన సవర అబ్బాయి ఒకడున్నాడు. వాడి కూతురికి తొమ్మిదేళ్లు. ఆ పాపకి ఈ జబ్బు ఉంది. తల్లి వైపు నుంచి ఒకటి, తండ్రి వైపు నుంచి ఒకటి, రెండు వైపులా లోపం కలిసి వస్తేనే పిల్లకి జబ్బు వస్తుంది. ఒక వైపు నుంచే వచ్చినవాళ్లు సాధారణంగా ఆరోగ్యంగానే తిరుగుతారు, తమలో అది ఉందని కూడా తెలియదు. గుండ్రంగా ఉండాల్సిన ఎర్ర రక్తకణం కొడవలిలా వంగిపోయి సన్న నాళాల్లో అడ్డం పడుతుంది. అప్పుడు వచ్చే నొప్పి నేను చూశాను. ఆ పాప గోడకి ఆనుకుని కాళ్లు పట్టుకుని, ఏడవడానికి కూడా ఓపిక లేక పెదవి కొరుక్కుంటుంది. హైడ్రాక్సీయూరియా మాత్ర వేసుకుంటే నొప్పి వచ్చే సార్లు తగ్గుతాయి. ఆ మాత్ర సర్కారు ఆసుపత్రిలో ఊరికే ఇస్తున్నారు. కానీ బరంపురం మెడికల్ కాలేజీకి వెళ్లి రావాలంటే కొండ దిగాలి, బస్సు మారాలి, ఒక రాత్రి అక్కడ ఎక్కడో పడుకోవాలి, తల్లీ తండ్రీ ఇద్దరి కూలీ పోవాలి. నెలకి ఒకసారి. మందు ఊరికే వస్తుంది, మనిషి మందు దగ్గరికి చేరడానికే డబ్బు కావాలి.

సికిల్ సెల్‌ని 2047 నాటికి లేకుండా చేస్తామని కేంద్ర ప్రభుత్వం 2023 జులై 1న ఒక మిషన్ మొదలుపెట్టింది. నలభై ఏళ్ల లోపు వాళ్లకి రక్త పరీక్ష చేసి కార్డు ఇవ్వడం అందులో ముఖ్యమైన పని. మైదానం గేటు పక్కన ఆ పరీక్ష టేబుల్ పెట్టారు. ఇద్దరు నర్సమ్మలు కూర్చుని వేలి చివర చిన్న పోటు పొడిచి రక్తం తీసుకున్నారు. పాట వినడానికి వచ్చిన పెళ్లికాని కుర్రాళ్లు వరుస కట్టి వేలు చూపించడం చూశాను. అక్కడ ఒడియాలోనూ తెలుగులోనూ ఒక బోర్డు ఉంది: పెళ్లికి ముందు ఇద్దరూ చూపించుకోండి అని. జాతకాలు చూసుకునే ఊళ్లో ఈ బోర్డు అవసరం. ఇంకొంచెం పెద్ద అక్షరాలతో, ఇంకొంచెం ఎత్తులో కట్టి ఉంటే బాగుండేది.

ఇక సౌండ్ సంగతి. దీని గురించి కొంచెం ఎక్కువ చెబుతాను, ఎందుకంటే ఫుట్‌బాల్ మైదానంలో పాట పెట్టడం పెళ్లి పందిట్లో పెట్టడం లాంటిది కాదు. పెద్ద ఫుట్‌బాల్ మైదానం పొడవు నూట ఐదు మీటర్లు ఉంటుంది. శబ్దం సెకనుకి మూడు వందల నలభై మీటర్ల చొప్పున నడుస్తుంది. స్టేజి మీద కర్ర డ్రమ్ము మీద పడటం నా కంటికి కనిపించాక, ఆ చప్పుడు నా చెవికి చేరడానికి సెకనులో మూడో వంతు పడుతుంది. అంత దూరానికి స్టేజి మీది బాక్సుల్తోనే వినిపించాలని ఆరాటపడితే ముందు వరుసవాళ్ల చెవులు పగులుతాయి, వెనకవాళ్లకి ఉరుము లాంటి మోత మాత్రం మిగులుతుంది. మాట తెలియదు. మన జిల్లాలో నేను చూసిన మైదానం ప్రోగ్రాంలు చాలావరకు అలాగే అయ్యాయి.

ఈసారి సౌండ్ చూసిన కుర్రాడు మధ్య గీత దగ్గర, రెండు పక్కలా ఎత్తుగా రెండు స్తంభాలు నిలబెట్టి వాటి మీద బాక్సులు కట్టాడు. సాయంత్రం నాలుగింటికి నేను వెళ్లేసరికి చెవి ఒగ్గి నించుని ఉన్నాడు. నన్ను చూసి, "బాబాయ్, ఒకసారి వినండి, రెండుసార్లు వినిపిస్తోందా?" అన్నాడు. మధ్య బాక్సుల్లోకి కరెంటు తీగ వెంట పాట కనురెప్ప వేసేంతలో వచ్చేస్తుంది. గాలిలో వచ్చేది మాత్రం నడుచుకుంటూ వస్తుంది. రెండూ ఒకేసారి చెవికి అందాలంటే మధ్య బాక్సుల్లోకి వచ్చిన పాటని కాసేపు ఆపి, ఆలస్యంగా వదలాలి. యాభై ఐదు మీటర్లకి సెకనులో ఆరో వంతు. "ఎంత పెట్టావు?" అన్నాను. "నూట అరవై" అన్నాడు, మిల్లీసెకన్లు. నేను చప్పట్లు కొట్టమన్నాను. స్టేజి దగ్గర ఒక పిల్లాడు మైకులో చప్పట్లు కొట్టాడు. అవతల గోలు పోస్టు దగ్గరికి నడుచుకుంటూ వెళ్లాను. ఒక్కటే చప్పట. రెండోది లేదు. ఇన్నేళ్లు హారన్లు కట్టి, తీగలు లాగి, ఈ ఒక్క చప్పట కోసం తంటాలు పడ్డాను నేను. ఆ కుర్రాడి భుజం మీద చెయ్యి వేశాను, నోట మాట రాలేదు.

గోలు పోస్టులకి వల విప్పేసి స్తంభాలకి పసుపు గుడ్డ చుట్టారు, చీకట్లో ఎవరూ గుద్దుకోకుండా. కుర్చీల కింద టార్పాలిన్ సాయంత్రం పరిచి రాత్రే తీసేశారు. ఎండలో పట్టా కింద ఉంటే గడ్డి పచ్చదనం పోయి పసుపెక్కుతుంది. పొద్దున్న ఆడుకునే పిల్లల్ని గుర్తు పెట్టుకుని చేసిన పని అది.

కచేరీలో నాకు బాగా నచ్చిన పాట జముకుతో మొదలైంది. పాతపట్నం వైపు నుంచి ఒక పెద్దాయన వచ్చారు, డెబ్భై దాటి ఉంటాయి. జముకుల కథ చెప్పే కుటుంబం. జముకు అంటే తెలియని పిల్లలకి చెబుతున్నాను: ఒక వైపు చర్మం బిగించిన డొల్ల వాయిద్యం, చర్మం నడిమధ్య నుంచి ఒక నరం బయటికి వస్తుంది. జముకుని చంకలో ఇరికించుకుని, ఒక చేత్తో నరాన్ని లాగి పట్టుకుని, రెండో చేత్తో మీటుతారు. లాగే కొద్దీ స్వరం పైకి వెళ్తుంది, వదిలితే కిందికి జారుతుంది. ఆ జారుడు మనిషి గొంతులా ఉంటుంది. దానికి మైకు పెట్టడం చాలా కష్టం. డొల్ల నోటి దగ్గర పెడితే గాలి బుసకొడుతుంది, చర్మానికి మరీ దగ్గర పెడితే వేలి టకటక తప్ప స్వరం రాదు. ఈ కుర్రాడు చర్మానికి జానెడు దూరంలో ఓరగా పెట్టాడు. పెద్దాయన మొదటిసారి నరం లాగగానే మధ్య బాక్సుల్లోంచి ఆ "బుర్ర్‌ం" అన్న నాదం మైదానం అంతా పాకింది. ఆయన ఉలిక్కిపడి వెనక్కి చూశారు. తన వాయిద్యం అంత పెద్దగా ఆయన ఎప్పుడూ విని ఉండరు. బేసు గిటారు వాయించే అబ్బాయి ఆయన పక్కకి జరిగి, ఆయన చెయ్యి చూస్తూ, ఆయన జారినప్పుడల్లా తనూ జారాడు. పాట మధ్యలో డ్రమ్స్ పూర్తిగా ఆపేసి ఆయన్ని ఒక్కణ్ణే వదిలేశారు. ఆ నిమిషం గప్‌చుప్ బండి వాడు కూడా గరిటె కింద పెట్టాడు.

చిన్న రైలు మీద పాట ఒకటి ఉంది, వాళ్లే కట్టుకున్నది. నౌపడ నుంచి మన ఊరికి చిన్న రైలు 1900లో వచ్చింది, మన మహారాజా వారు వేయించిన లైను. 2011లో పెద్ద పట్టాల మీద బండి మొదలైంది. నేను చిన్న రైల్లో తిరిగిన తరం వాణ్ణి. డ్రమ్స్ అబ్బాయి ఆ బండి పట్టాల అతుకు మీద పడే చప్పుడు పట్టుకోవడానికి ప్రయత్నించాడు. కానీ బండి మరీ తొందరగా నడిచింది. మా రైలు అంత పరుగెత్తేది కాదు బాబూ. ఎక్కినవాళ్లు దిగి మూత్రానికి వెళ్లి మళ్లీ ఎక్కేవాళ్లు. తాళం కొంచెం నిదానిస్తే ఆ పాటకి ప్రాణం వస్తుంది. అబ్బాయికి ముఖం మీదే చెప్పాను, "సరే బాబాయ్, తగ్గిస్తాను" అన్నాడు.

ఆ తర్వాత సవర పాట. పాడే అబ్బాయి ఆ మాటలు కొండ మీద పిల్లల దగ్గర నేర్చుకున్నానని ముందే చెప్పాడు. గిడుగు రామమూర్తి పంతులుగారు ఈ ఊళ్లో మేష్టరుగా ఉండి సవర భాష నేర్చుకుని, దానికి రాసిన వ్యాకరణం 1931లో అచ్చయిన సంగతి మనందరం గర్వంగా చెప్పుకుంటాం. కానీ పెద్ద బాక్సుల్లో, టికెట్టు పెట్టిన ప్రోగ్రాంలో, ఆ భాషలో పాట మన ఊళ్లో నేను వినడం ఇదే మొదటిసారి. నా ముందు వరుసల్లో కొండ మీద నుంచి వచ్చిన కుటుంబాలు కూర్చున్నాయి. పాట అందుకోగానే ఒక ముసలమ్మ లేచి నిలబడింది, చేతులు కట్టుకుని, బడిలో ప్రార్థనకి నిలబడినట్టు. పాట అయ్యేదాకా కూర్చోలేదు.

ఇక లోపాలు. మూడో పాటలో కరెంటు పోయింది. జెనరేటర్ ఉంది, మనిషి ఉన్నాడు, కానీ మార్చే స్విచ్ దగ్గర కాకుండా గేటు దగ్గర ఉన్నాడు. వెలుగు వచ్చేసరికి నాలుగు నిమిషాలు, కీబోర్డు మళ్లీ లేచేసరికి ఇంకో రెండు. పాడే అబ్బాయి స్టేజి దిగి ముందు వరుసల దగ్గరికి వచ్చి ఉత్త గొంతుతో పాడాడు, పాపం మంచి మనసుతోనే. ముందున్నవాళ్లు చప్పట్లు కొట్టారు. మాకు అవతల చీకటీ, చప్పట్లూ మాత్రమే. మిక్సర్‌కీ కీబోర్డుకీ ఒక చిన్న యూపీఎస్ పెట్టుకుంటే అవి ఆరిపోవు. కంప్యూటర్ షాపులో దొరికేది చాలు. ఇది చెప్పకుండా ఉండలేను, ఎందుకంటే మైకు పోవడం ఎంత పెద్దవాళ్లకైనా జరుగుతుంది. 1985 జులై 13న లండన్ వెంబ్లీ ఫుట్‌బాల్ స్టేడియంలో ఇథియోపియా కరువు కోసం పెట్టిన కచేరీలో, ప్రపంచమంతా టీవీల్లో చూస్తుండగా ఒకప్పటి బీటిల్స్ బ్యాండు గాయకుడు పాల్ మెకార్ట్నీ మైకు మొదట్లో కాసేపు పనిచేయలేదు. ఆ వీడియో చూసినప్పుడల్లా ఇప్పటికీ నా చెయ్యి మిక్సర్ మీదికి వెళ్లినట్టు కదులుతుంది.

రెండో లోపం నీళ్లు. దీన్ని నేను మన్నించలేకపోతున్నాను. నీళ్ల డ్రమ్ములు మూడూ స్టేజి వైపే పెట్టారు. వెనక ఒక్కటీ లేదు. సికిల్ సెల్ పిల్లలు ఒంట్లో నీళ్లు తగ్గనివ్వకూడదు, తగ్గితే నొప్పి లేస్తుంది. చలి కూడా పడదు. ఆ రాత్రి మంచు బాగా దిగింది. బాక్సులు మోసిన మా సవర అబ్బాయి కూతురు మా పక్కనే, తల్లి శాలువాలో మూతి దాకా చుట్టుకుని కూర్చుంది. పది నిమిషాలకోసారి తల్లి సీసా మూత విప్పడం, పాప రెండు గుక్కలు తాగడం, తల్లి సీసాని వెలుగుకి ఎత్తి ఎంత మిగిలిందో చూసుకోవడం. కచేరీ సగం కాకముందే సీసా ఖాళీ అయింది. వాళ్ల నాన్న మైదానం పొడుగునా జనాన్ని తోసుకుంటూ వెళ్లి నింపుకొచ్చేసరికి రెండు పాటలు అయిపోయాయి. అందులో ఒకటి సవర పాట. వాడి భాషలో పాట వాడు నీళ్ల డ్రమ్ము దగ్గర వరుసలో నిలబడి విన్నాడు. ఎవరి కోసం కచేరీ పెట్టారో వాళ్లలో ఎక్కువమంది యాభై రూపాయల వైపే కూర్చుంటారని ముందే అనుకోవాల్సింది. వచ్చేసారి మొదట నీళ్ల డ్రమ్ములు వెనక పెట్టండి, తర్వాత మిగతావి. ఆడవాళ్లకి మరుగుదొడ్డి కూడా ఒక్కటే, అదీ దీపం లేకుండా. మా వదిన వెళ్లి, తిరిగి వచ్చేసింది.

తిండి బాగుంది. దహీబరా ఆలూదమ్ బండి వాడు కారం తక్కువ వేసి, అడిగినవాళ్లకి పెంచాడు. రేట్లు బజారులో ఉన్నవే, మైదానం లోపల ఉన్నామని పెంచలేదు.

తొమ్మిది యాభైకి ఆఖరి పాట ఆపేశారు. రాత్రి పది నుంచి పొద్దున్న ఆరు దాకా లౌడ్‌స్పీకర్ వాడకూడదన్నది 2000లో వచ్చిన రూలు. మన ఊళ్లో దాన్ని పాటించినవాళ్లు తక్కువ. చలి రాత్రుల్లో నేల దగ్గర గాలి చల్లబడి, పైన వెచ్చగా ఉంటుంది. అప్పుడు శబ్దం పైకి పోకుండా కిందికి వంగి చాలా దూరం వెళ్తుంది. పగలు వినపడని వీధిలో రాత్రి ప్రతి మాటా వినపడుతుంది. ఆ వీధుల్లో పరీక్షలకి చదువుకునే పిల్లలుంటారు, పడుకున్న రోగులుంటారు. జనం ఇంకోటి ఇంకోటి అని అరుస్తున్నా పాడే అబ్బాయి చేతులు జోడించి, టైమ్ అయిందని చెప్పి, మైకు ఆఫ్ చేశాడు. నా ముప్పై ఒక్క ఏళ్లలో ఎవరూ నా మైకు అలా ఆఫ్ చేయలేదు, నేనే తీగ పీకాల్సి వచ్చేది.

డబ్బు సంగతి కూడా చెప్పాలి. మంచి పని పేరుతో పెట్టిన కచేరీలకి అసలు పరీక్ష అక్కడే. 1971 ఆగస్టు 1న న్యూయార్క్‌లో సితార్ రవిశంకర్ గారూ, బీటిల్స్‌లో గిటారు వాయించిన జార్జి హారిసన్ కలిసి బంగ్లాదేశ్ శరణార్థుల కోసం ఒకే రోజు రెండు కచేరీలు చేశారు. టికెట్ల డబ్బు, దాదాపు రెండు లక్షల నలభై మూడు వేల డాలర్లు, యునిసెఫ్‌కి చేరింది. కానీ రికార్డుల మీదా సినిమా మీదా వచ్చిన పెద్ద మొత్తం పన్నుల చిక్కుల్లో ఏళ్ల తరబడి ఆగిపోయింది. కాగితాలు ముందే సరిచూసుకోకపోవడం వల్ల వచ్చిన తిప్పలు అవి. అంతటివాళ్లకే అలా అయిందంటే మన ఊళ్లో ఇంకెంత జాగ్రత్త కావాలి? అందుకే టికెట్టు కొన్నప్పుడే అడిగాను, లెక్క ఎప్పుడు చూపిస్తారని. "ఆదివారం పొద్దున్న గేటుకి అంటిస్తాం" అన్నారు.

ఆదివారం ఏడింటికి వెళ్లాను. టార్పాలిన్లు లేవు, స్టేజి సగం విప్పేశారు, పిల్లలు అప్పుడే బంతి ఆడుతున్నారు. కుర్చీల కాళ్లు దిగిన చోట్ల చిన్న గుంటలున్నాయి, ఐదుగురు బ్యాండు కుర్రాళ్లలో ఇద్దరు నిద్ర మొహాలతో బకెట్లో ఇసుక పట్టుకుని వాటిని పూడుస్తున్నారు. గేటుకి కాగితం అంటించి ఉంది, ఒక పక్క ఒడియా, ఒక పక్క తెలుగు. యాభై టికెట్లు ఎన్ని, రెండొందలవి ఎన్ని, ఐదొందలవి ఎన్ని, స్టేజి, కుర్చీలు, సౌండ్ అద్దె, పెద్దాయనకి జముకు తాంబూలం, అన్నీ వరుసగా ఉన్నాయి. వాళ్లు తీసుకున్నది అన్న చోట సున్నా. డీజిల్ దగ్గర మాత్రం పెన్సిల్‌తో "బిల్లు రావాలి" అని రాశారు. చదువు రాని ఒకాయన నన్ను చదివి చెప్పమన్నాడు. మొదటి నుంచి చివరి దాకా చదివాను, డీజిల్ దగ్గర ఆగి అది కూడా చెప్పాను.

మంగళవారం సాయంత్రం మళ్లీ వెళ్లి చూశాను. పెన్సిల్ గీత చెరిపి పెన్నుతో అంకె వేశారు. పక్కన బంకు బిల్లు జెరాక్సు, దాని మీద వాన పడకుండా ప్లాస్టిక్ కవరు.